తోట దీపాల ట్రాన్స్‌ఫార్మర్ కాలిపోతే కేసు నెల్లూరులోనా, చెన్నైలోనా?

ప్రశ్న: మాది కావలి. ఎనిమిది నెలల కిందట చెన్నైలో 7 వాట్ల ఎల్ఈడీ తోట దీపాలు పన్నెండు, వాటికి 12 వోల్టుల 150 వీఏ (వోల్ట్-ఆంపియర్లు, అంటే అది మోయగల లోడు) ట్రాన్స్‌ఫార్మర్ కలిపి రూ. 14,800కు కొన్నాము. రెండేళ్ల వారంటీ ఉంది. గత నెల దీపాలు మసకబారి, తర్వాత పూర్తిగా ఆరిపోయాయి. లోడు ఎక్కువ పెట్టినందున వారంటీ వర్తించదనీ, బిల్లుపై ఉన్నట్లు కేసు వేస్తే చెన్నైలోనే వేయాలనీ దుకాణదారు అంటున్నారు. మాకు దారేమిటి?

జవాబు: మీరు నెల్లూరులోని జిల్లా వినియోగదారుల కమిషన్‌లోనే ఫిర్యాదు చేయవచ్చు. వినియోగదారుల రక్షణ చట్టం, 2019లోని 34వ సెక్షన్ ఫిర్యాదుదారు నివసించే చోట కేసు వేసుకొనే హక్కు ఇచ్చింది. బిల్లుపై అచ్చు వేసిన షరతు ఆ హక్కును తీసివేయలేదని నా అభిప్రాయం. రూ. 5 లక్షల లోపు కొనుగోలుకు ఫీజు లేదు. గడువు రెండేళ్లు.

అయితే ఈ కేసు నిలిచేదీ వీగిపోయేదీ పరీక్ష మీదనే. కాలిన వాసన వస్తున్నా సరే, ట్రాన్స్‌ఫార్మర్ మూత విప్పవద్దు. సీలు తెగితే మీరే పాడుచేశారన్న వాదనకు చోటిచ్చినట్లవుతుంది. లైసెన్సు ఉన్న ఎలక్ట్రీషియన్‌ను పిలిపించి, దీపాల తీగలను అవుట్‌పుట్ నుండి విడదీయించి, ఇన్‌పుట్ వైపు 230 వోల్టులకు దగ్గరగా వస్తున్నదో లేదో, అవుట్‌పుట్ వైపు మల్టీమీటరు ఎంత చూపుతున్నదో తేదీతో రాయించి సంతకం తీసుకోండి. కరెంటు లోపలికి వెళుతూ, ఫ్యూజు బాగుండి, బయట సున్నా చూపితే లోపం ట్రాన్స్‌ఫార్మర్‌దే. 12 వోల్టులు, లేదా లోడు లేనందున అంతకన్నా కొంచెం ఎక్కువ చూపితే మాత్రం, తప్పు తీగలలోనో అతుకులలోనో ఉన్నట్లు. సముద్రపు గాలి తగిలే మీ ప్రాంతంలో రాగి అతుకులు పచ్చగా చిలుము పట్టి, చివరి దీపం దాకా ఓల్టేజి అందకపోవడం అరుదు కాదు. అదే జరిగి ఉంటే కేసు వేయమని నేను చెప్పను.

ఇక లోడు సంగతి. మీ దీపాలన్నీ కలిపి 84 వాట్లే, కానీ ఎల్ఈడీలు వాట్ల లెక్కకు మించి వీఏ తీసుకుంటాయి కనుక ఆ కూడిక ఒక్కటే చాలదు. అటువంటిదే మరో ట్రాన్స్‌ఫార్మర్‌పై పన్నెండు దీపాలూ వెలిగించి, క్లాంప్ మీటరుతో (తీగ చుట్టూ పట్టించి కరెంటు కొలిచే పరికరం) అవుట్‌పుట్ తీగను కొలిపించండి. 150 వీఏ అంటే 12 వోల్టుల వద్ద 12.5 ఆంపియర్లు, అంతకు బాగా లోబడి ఉంటే దుకాణదారు మాట నిలవదు.

ఈ కాగితాలు, బిల్లు, వారంటీ కార్డు నకళ్లు జతచేసి, దుకాణదారుకూ తయారీదారుకూ 15 రోజుల గడువుతో స్పీడ్ పోస్టులో నోటీసు పంపండి. అప్పటికీ కాదంటే ఫిర్యాదుతోపాటు ల్యాబొరేటరీ పరీక్ష కోరండి. 38వ సెక్షన్ ప్రకారం కమిషనే వస్తువుకు సీలు వేసి పంపుతుంది, నివేదికకు 45 రోజుల గడువు ఉంటుంది. పరీక్ష ఖర్చును మాత్రం ముందుగా మీరే జమచేయవలసి రావచ్చు.