‘చూద్దాం’ అంటే సరేనన్నట్టా, వద్దన్నట్టా?

సందేహం: మా పెద్దమ్మాయికి ఈమధ్య పెళ్ళిచూపులు జరిగాయి. అబ్బాయి తల్లి ‘అమ్మాయి లక్షణంగా ఉంది’ అన్నారు, బొబ్బట్లు బావున్నాయని రెండోది కూడా వేయించుకున్నారు. వెళ్ళేటప్పుడు గుమ్మంలో చెప్పులు వేసుకుంటూ అబ్బాయి తండ్రి ‘చూద్దామండీ, పెద్దవాళ్ళతో మాట్లాడి కబురు చేస్తాం’ అన్నారు. సరేనన్నట్టే అని మావారు, వద్దన్నట్టే అని మా అత్తగారు. ఇంట్లో ఒకటే టెన్షన్. నిఘంటువు తీస్తే ‘చూచు’కి కంటితో చూడటం, పరీక్షించడం లాంటివి ఉన్నాయి తప్ప ఒప్పుకోవడం, కాదనడం లేవు. భాష ప్రకారం ఎవరిమాట ఒప్పు? ఇంకో చిన్న సందేహం: ‘చూద్దాం’ అని రాయాలా, ‘చూద్దాము’ అనా? – ఒక పాఠకురాలు, తెనాలి

సమాధానం: నిఘంటువుని తప్పుపట్టకండి. మాట ఒంటరిగా ఉన్నప్పుడు దానికి ఏ అర్థం ఉంటుందో అంతవరకే అది చెప్పగలదు. గుమ్మంలో నిలబడి, చెప్పులు వేసుకుంటూ, ఆడపిల్ల తండ్రితో మగపిల్లాడి తండ్రి అన్న ‘చూద్దాం’ నిఘంటువులోకి ఎక్కే సరుకు కాదు. దాని అర్థంలో సగం గుమ్మానిది, సగం వియ్యంకుడు కావలసిన మనిషిది.

ఇది కొత్తగా కనిపెట్టిన విషయమేమీ కాదు. ‘సైంధవం తీసుకురా’ అని సంస్కృతంలో ఒక పాత ఉదాహరణ ఉంది. సింధుదేశం ఉప్పుకీ, గుర్రాలకీ పేరుపొందింది కాబట్టి సైంధవం అంటే రెండూను. యజమాని భోజనానికి కూర్చుని అంటే ఉప్పు తేవాలి, ప్రయాణానికి సిద్ధమై అంటే గుర్రం తేవాలి. మాట మారలేదు, సందర్భం మారింది. దీన్నే మనవాళ్ళు ప్రకరణం అన్నారు. అర్థం ఎటూ తేలనప్పుడు దాన్ని నిర్ణయించేవేమిటో సుమారు 1500 ఏళ్ళ కిందటే సంస్కృత వ్యాకరణవేత్త భర్తృహరి ఒక పెద్ద జాబితా ఇచ్చాడు. ప్రకరణంతో పాటు ఔచిత్యం, దేశం, కాలం, పక్కనున్న మరో మాట అందులో ఉన్నాయి. చివర్లో స్వరం కూడా ఉంది.

అయితే సైంధవం కథ తేలికైనది. రెండు అర్థాలూ నిఘంటువులోనే ఉన్నాయి, ఒకటి ఎంచుకుంటే సరిపోతుంది. మీ ‘చూద్దాం’ అలాంటిది కాదు. ఒకే అర్థమున్న వాక్యం వేర్వేరు మనుషుల మధ్య వేర్వేరు పనులు చేయడం దీనికన్నా లోతైన సంగతి. దీనికి మంచి ఉదాహరణ 11వ శతాబ్దపు కాశ్మీర ఆలంకారికుడు మమ్మటుడు ఇచ్చాడు: ‘గతోఽస్తమర్కః’, అంటే ‘పొద్దుగుంకింది’. ఇందులో అర్థంకానిది ఏముంది? కానీ సేనాపతి వింటే శత్రువు మీద పడే సమయమైందని. ప్రియుడి కోసం చూస్తున్న ఆమెతో చెలికత్తె అంటే ఆయన వచ్చేవేళయిందని. కూలివాళ్ళు అనుకుంటే ఇక పని ఆపుదామని. బ్రాహ్మడికి సంధ్యావందనం వేళ. గోపాలుడితో అంటే ఆవులను ఇంటికి తోలమని. అంగడివాళ్ళకి సరుకు సర్దుకోమని. బయటికి పోతున్నవాడితో అంటే దూరం వెళ్ళకని. వీటిలో ఏదీ ‘పొద్దు’కీ ‘గుంకు’కీ అర్థం కాదు. చెప్పేవాడెవడు, వినేవాడెవడు, అప్పటికి వాళ్ళ మధ్య నడుస్తున్న వ్యవహారం ఏమిటి అన్నవాటి మీదే అంతా ఉంది. నన్నడిగితే ఈ ఒక్క ఉదాహరణ ముందు చాలా పాఠ్యపుస్తకాలు దిగదుడుపే.

ఇప్పుడు చూద్దాం సంగతి చూద్దాం. (చూశారా, ఇక్కడ అది అచ్చంగా ‘మొదలుపెడుతున్నాను’ అని.)

డాక్టరు ‘రెండు రోజులు చూద్దాం’ అంటే నిజంగా చూడటమే. జ్వరం తగ్గకపోతే రక్తపరీక్ష రాస్తాడు. సైకిలు కొనమని వెంటపడుతున్న పిల్లాడితో తండ్రి ‘చూద్దాంలే’ అంటే ఈ ఏడాదికి లేనట్టే, పిల్లాడికీ తెలుసు. పొలం గట్టు తగాదాలో ఒకడు గొంతు పెంచి ‘సరే, చూద్దాం!’ అంటే అది సవాలు. అర్జీ పట్టుకెళ్ళినవాడితో నాయకుడు ‘చూద్దాం, చూద్దాం’ అని రెండుసార్లు అన్నాడంటే అర్జీ ఎటు పోతుందో చెప్పనక్కర్లేదు. అదే నాయకుడు ఒక్కసారి ‘చూద్దాం’ అని పక్కనున్న పీఏకి కాగితం ఇచ్చి ‘రేపు గుర్తుచెయ్’ అన్నాడంటే కొంచెం ఆశ పెట్టుకోవచ్చు. తెలంగాణలో ‘చూద్దాం తియ్’ అంటారు. ఆ ‘తియ్’, కోస్తావాళ్ళ ‘లే’, ‘లెండి’ చేసే పని ఇంచుమించు ఒకటే. విషయాన్ని మెల్లగా పక్కకి జరుపుతాయి.

మీకు వచ్చిన మాటలో ‘లెండి’ లేదు, ‘అండీ’ మాత్రమే ఉంది. మీవారి వైపు ఇది ఒక చిన్న సాక్ష్యం. రాసిపెట్టుకోండి.

అసలు కిటుకు ‘-దాం’లో ఉంది. తెలుగుకి ‘మేము’, ‘మనము’ అని రెండు ఉన్నాయి కదా. ‘మేము’లో వినేవాడు ఉండడు, ‘మనము’లో ఉంటాడు. ‘మనం చూద్దాం’ అనగలం, ‘మేము చూద్దాం’ అనలేం. అంటే ‘-దాం’ ఎప్పుడూ వినేవాడిని కలుపుకొనే ఉంటుంది. ఇప్పుడు అబ్బాయి తండ్రి వాక్యాన్ని మళ్ళీ చదవండి: ‘చూద్దామండీ, పెద్దవాళ్ళతో మాట్లాడి కబురు చేస్తాం.’ మొదటి సగం మనం, రెండో సగం మేము. నిజానికి చూసేదీ వాళ్ళే, తేల్చేదీ వాళ్ళే. మీ చేతిలో ఏమీ లేదు. అయినా ‘చూస్తాం’ అనకుండా ‘చూద్దాం’ అన్నారు. ‘చూస్తాం’ అంటే ‘మేం చూసేవాళ్ళం, మీరు చూపించుకునేవాళ్ళు’ అన్న తేడా మొహం మీద కొట్టినట్టు ఉంటుంది. ‘చూద్దాం’లో ఇద్దరూ ఒకవైపు నిలబడి ఏదో మూడో విషయాన్ని చూస్తున్నట్టు ఉంటుంది. ఎదుటివాడి మర్యాద నిలబెట్టడానికి భాషలు వాడే పద్ధతులను పెనెలొపీ బ్రౌన్, స్టీఫెన్ లెవిన్సన్ అనే భాషా పరిశోధకులు 1978లో ఒకచోట కూర్చారు. తనతో పాటు ఎదుటివాడినీ కలుపుకుని మాట్లాడటం వాటిలో ఒకటి. వాళ్ళు ఆధారపడ్డ ముఖ్యమైన భాషల్లో మన పొరుగున ఉన్న తమిళమూ ఉంది. తమిళానికీ మనలాగే రెండు ‘మేము’లు ఉన్నాయి.

కాబట్టి ‘చూద్దాం’ అన్నందుకు ఆయన మర్యాదస్తుడని తేలింది. సంబంధం ఖాయమా కాదా అన్నది మాత్రం తేలలేదు.

దానికి చూడవలసింది మాట కాదు, మాట ముందూ వెనకా. సామాజికశాస్త్రవేత్త హార్వీ శాక్స్, ఆయన సహచరులు 1960ల నుంచి అమెరికాలో మామూలు జనం ఫోను సంభాషణలను రికార్డు చేసి, అక్షరం అక్షరం రాసుకుని పరిశీలించారు. ఒప్పుకోవడం, కాదనడం సంభాషణలో ఒకే తీరుగా రావని ఆ పరిశీలనల్లో బయటపడింది. ఒప్పుకునేవాడు సాధారణంగా వెంటనే, సూటిగా, పొట్టిగా ఒప్పుకుంటాడు. కాదనేవాడు కాస్త ఆగుతాడు, ముందు ఓ మెచ్చుకోలు వేస్తాడు, ఏదో కారణం చెబుతాడు, అసలు మాట చివరికి నెడతాడు. కొన్నిసార్లు అసలు మాట అననే అనడు. దీనికి అమెరికా దాకా వెళ్ళాలా అంటే, అక్కర్లేదు. పెళ్ళిచూపుల నుంచి వచ్చేటప్పుడు ‘మీ అమ్మాయి నచ్చలేదు’ అన్నవాళ్ళని మీ అత్తగారు తన జీవితంలో చూసి ఉండరు. ‘ఇంటికెళ్ళి ఉత్తరం రాస్తాం’ అన్నవాళ్ళని చాలామందిని చూసి ఉంటారు. ఉత్తరాలు పోయి ఫోన్లు వచ్చాయి, మాట ‘కబురు చేస్తాం’ దగ్గర ఆగింది. అంతే తేడా.

ఈ లెక్కన మీ ఉత్తరంలోని సాక్ష్యాలు చూస్తే: మెచ్చుకోలు ఉంది (లక్షణంగా ఉందన్నారు), కారణం ఉంది (పెద్దవాళ్ళతో మాట్లాడాలి), మాట చిట్టచివర, గుమ్మంలో వచ్చింది. గుమ్మం సంగతి చిన్నది కాదు. కూర్చున్నప్పుడు అన్న మాటకి తిరుగు ప్రశ్న వేయవచ్చు. చెప్పులు వేసుకుంటున్న మనిషిని ‘అంటే ఏమిటండీ?’ అని నిలదీయలేం. ఇక ‘పెద్దవాళ్ళు’. ‘మా బావగారు కాకినాడ నుంచి ఆదివారం వస్తారు, ఆయనతో మాట్లాడి’ అని ఉంటే అది నిజమైన పని. మనిషి ఉన్నాడు, ఊరు ఉంది, రోజు ఉంది. ‘పెద్దవాళ్ళు’ అన్నప్పుడు ఎవరూ లేరు. అన్నిటికన్నా ముఖ్యం, మిమ్మల్ని వాళ్ళు ఏ పనీ చేయమనలేదు. ‘చూద్దాం, జాతకం పంపండి’, ‘చూద్దాం, మీరోసారి మా ఇంటికి రండి’ అంటే అప్పుడా ‘మనం’లో మీకూ నిజంగా వాటా వచ్చినట్టు.

భోజనానికి పిలవడంలోనూ ఇదే తీరు. లేచి వెళుతున్నవాళ్ళతో ‘భోజనం చేసి వెళ్ళకూడదూ?’ అంటాం, వాళ్ళు ‘ఇప్పుడే తినొచ్చామండీ’ అంటారు. ఇద్దరూ మర్యాద పాటించారు, ఎవరూ అబద్ధమాడలేదు. నిజంగా పిలవాలనుకున్నప్పుడు మన నోటి నుంచి వచ్చేది వేరే: ‘కంచాలు పెట్టేశాను, కాళ్ళు కడుక్కుని రండి.’ వీటిలో ఏది ఎలాంటి పిలుపో ఈ ఊళ్ళో పెరిగిన పదేళ్ళ పిల్లకి తెలుసు. తెలుగు తరగతిలో చక్కగా నేర్చుకున్న పరదేశికి తెలియక మొదటి పిలుపుకే కూర్చుంటే, తప్పు అతని తెలుగుది కాదు.

మీవారి తరఫున కూడా ఒక మాట చెప్పాలి. ఈ సాక్ష్యాలన్నీ ‘సాధారణంగా’ అన్న మాటకి లోబడినవి. కొన్ని కుటుంబాల్లో ఇష్టం ఉన్నా అక్కడికక్కడే సరేననడం తేలికపాటి మనుషుల లక్షణమని అనుకుంటారు. మగపెళ్ళివారు వెంటనే ఎగిరి గంతేస్తే బెట్టు పోతుందన్న లోకరీతి ఉండనే ఉంది. అలాంటి ఇంట్లో ‘చూద్దాం’ ఇష్టానికీ, అయిష్టానికీ కూడా పనికొస్తుంది. అందుకే ఆ మాట అంత ప్రచారంలో ఉంది. ఏదో ఒకటే చెప్పేదైతే దాని వెనక దాక్కోవడం కుదరదు. మీవారు ‘లక్షణంగా ఉంది’ అన్న మాటను పట్టుకున్నారు, అత్తగారు మొత్తం సాయంత్రాన్ని పట్టుకున్నారు. పద్ధతి ప్రకారం నేను అత్తగారి వైపు. బొబ్బట్టు రెండోది వేయించుకోవడం మాత్రం ఏ సిద్ధాంతానికీ లొంగని సాక్ష్యం, దాన్ని బొబ్బట్టు ఖాతాలోనే వేయండి.

తేల్చుకోవాలంటే మాట వచ్చిన దారిని మార్చండి. మీ మొహం చూసి అనలేనిది మధ్యవర్తితో అంటారు, మధ్యవర్తి ఉండేదే అందుకు. ఆయన ద్వారా అడిగించండి. ‘ముహూర్తాలు ఎప్పుడున్నాయో కనుక్కోమన్నారు’ అని వస్తే మీవారికి స్వీట్లు పంచే పని పడుతుంది. ‘జాతకాలు కుదరలేదటండీ’ అని వస్తే మాత్రం, మీరు జాతకమే ఇవ్వలేదు కదా అని ఆయనతో వాదన పెట్టుకోకండి. ఆ మాట కూడా జాతకాల గురించి కాదు.

మీ రెండో సందేహం తేలికది. పాత రూపం ‘చూతము’. అది వాడుకలో ‘చూద్దాము’, ఇంకా పొట్టిగా ‘చూద్దాం’ అయింది. ‘చేతము’ ‘చేద్దాం’ అయినట్టే. రాతలో రెండూ ఒప్పే. సంభాషణ రాస్తుంటే ‘చూద్దాం’ సహజంగా ఉంటుంది. మర్యాద చేర్చినప్పుడు మాత్రం ‘ము’ బయటికి వస్తుంది: చూద్దాము + అండీ, చూద్దామండీ. ఈమధ్య ఫోన్లలో ‘చూద్ధాం’ అని దకు ధ ఒత్తు ఇచ్చి రాస్తున్నారు, అది తప్పు. మీ ఉత్తరంలో సరిగానే రాశారు.