మినహాయింపుల జాబితా చదువు

చిరంజీవికి,
ఆశీస్సులు.

నిర్బంధ సైనిక సేవ మీద నువ్వు పంపిన వ్యాసం రెండుసార్లు చదివాను. మొదటిసారి ఏకబిగిన, రెండోసారి పెన్సిల్ పట్టుకుని. కష్టపడ్డావని తెలుస్తూనే ఉంది. సంవత్సరాలు సరిగ్గా ఉన్నాయి, దేశాలు వరసలో వచ్చాయి. కానీ అన్ని పేజీల్లో ఒక్క ఇల్లు కూడా కనపడలేదు తల్లీ. ఫలానా ఏడు ఫలానా ప్రభుత్వం ఇంతమందిని సైన్యంలోకి తీసుకుంది అని రాసుకుంటూ పోయావు. ఆ ‘తీసుకుంది’ దగ్గర ఆగి ఉండాల్సింది. ఎవరింట్లోంచి? ఆ పూట ఆ ఇంట్లో ఎవరెవరున్నారు?

ఫ్రాన్సుతో మొదలుపెట్టడం బాగుంది. కానీ 1793 ఆగస్టు 23 నాటి శాసనాన్ని ఒక్క వాక్యంలో దాటేశావు. అక్కడ కాస్త నిలబడు. పెళ్లికాని కుర్రాళ్లు యుద్ధానికి వెళ్లాలి, పెళ్లయినవాళ్లు ఆయుధాలు చేసి, తిండిగింజలు చేరవెయ్యాలి, ఆడవాళ్లు డేరాలు, బట్టలు కుట్టి ఆసుపత్రుల్లో పనిచెయ్యాలి, ముసలివాళ్లను కూడళ్లకు తీసుకెళ్తే అక్కడ కూచుని కుర్రాళ్లకు ధైర్యం నూరిపొయ్యాలి. చిన్నపిల్లలకూ పని ఉంది: పాత నారబట్టలు పీకి గాయాలకు పెట్టే పీచు తియ్యడం. ఆ పీచు తీసే పిల్లను నీ వ్యాసంలోకి తీసుకురా. అంతకుముందు యుద్ధం చాలావరకు రాజులది, జీతానికి పోరాడేవాళ్లది. ఆ ఒక్క శాసనంతో అది ఇంటిల్లిపాది పనైపోయింది.

దాని పక్కనే ఇంకో సంగతి రాయాలి. అదే ఏడు ఫిబ్రవరిలో మూడు లక్షల మందిని సైన్యంలోకి పోగెయ్యాలని నిర్ణయించగానే, మార్చికల్లా పశ్చిమాన వాందే ప్రాంతపు రైతులు తిరగబడ్డారు. వాళ్ల కోపానికి వేరే కారణాలూ ఉన్నాయి, కానీ నిప్పంటుకున్నది మాత్రం ఈ పిలుపుతోనే. స్వేచ్ఛ ఇచ్చామన్న విప్లవ ప్రభుత్వమే బిడ్డనూ అడిగింది. ఈ రెండూ ఒకే పేజీలో ఉంటే తప్ప పాఠకుడికి 1793 అర్థం కాదు.

ఇక నేను నీకు ముఖ్యంగా చెప్పదలచుకున్నది. ఏ దేశపు సైనిక చట్టం చేతికొచ్చినా ముందు మినహాయింపులు చదువు. ఎవరు రావాలో చెప్పే భాగం అన్ని చట్టాల్లోనూ ఇంచుమించు ఒకేలా గంభీరంగా ఉంటుంది. ఎవరు రానక్కర్లేదో చెప్పే చోటే ఆ సమాజం అసలు ముఖం బయటపడుతుంది.

అమెరికా అంతర్యుద్ధం చూడు. 1863లో ఉత్తరాది ప్రభుత్వం చేసిన చట్టం ప్రకారం మూడు వందల డాలర్లు కట్టినవాడు ఆ విడత పిలుపు తప్పించుకోవచ్చు, లేదా తన బదులు ఇంకొకణ్ని పంపొచ్చు. కూలి పనివాడికి అది దాదాపు ఏడాది సంపాదన. జులైలో న్యూయార్క్‌లో పేర్లు తియ్యడం మొదలుకాగానే నగరం భగ్గుమంది. ఆ గొడవలు రాసేటప్పుడు జాగ్రత్త. అది పేదవాళ్ల ఆగ్రహమే, నిజం. కానీ ఆ ఆగ్రహం మళ్లింది నల్లజాతివాళ్ల మీదకి. వాళ్లను వీధుల్లో చంపారు, నల్లజాతి అనాథ పిల్లల ఆశ్రమాన్ని తగలబెట్టారు. అన్యాయానికి గురైనవాడు తనకంటే బలహీనుడి మీద పడటం నీకు ఇబ్బందిగా అనిపిస్తుంది. దాన్ని దాచకు.

దక్షిణాది అంతకుముందే, 1862 ఏప్రిల్‌లోనే నిర్బంధ సేవ పెట్టింది. ఆ అక్టోబరులో ఒక సవరణ చేసింది: ఇరవై మంది, అంతకంటే ఎక్కువమంది బానిసలున్న తోటకు ఒక తెల్లవాడు చొప్పున యుద్ధానికి రానక్కర్లేదు. ఆ యుద్ధం దేనికోసమో పెద్ద పెద్ద గ్రంథాలు వాదించుకుంటాయి. ఈ ఒక్క క్లాజు చాలు.

నా సొంత పొరపాటు ఒకటి చెప్తాను. నీ వయసులో నేనూ ఈ విషయం మీద రాశాను. లాటరీ అన్నిటికంటే న్యాయమైన పద్ధతి, చీటీకి పేదా గొప్పా తేడా తెలియదు అని రాశాను. వాక్యం బాగా కుదిరిందని మురిసిపోయాను కూడా. తర్వాత 1969 డిసెంబరు 1 రాత్రి వాషింగ్టన్‌లో జరిగినదాని గురించి చదివాను. వియత్నాం యుద్ధానికి ఎవరిని ముందు పిలవాలో తేల్చే లాటరీ అది. 1944 నుంచి 1950 వరకు పుట్టిన కుర్రాళ్ల పుట్టినరోజులు, మొత్తం 366 నీలిరంగు ప్లాస్టిక్ గొట్టాల్లో చుట్టిపెట్టి, పెద్ద గాజుజాడీలో పోశారు. మొదట చేతికొచ్చింది సెప్టెంబరు 14, ఆ రోజు పుట్టినవాళ్లది ఒకటో నంబరు. టీవీల ముందు ఇళ్లకిళ్లే టెన్షన్‌తో కూచున్నాయి. నంబరు చిన్నదైతే పిలుపు ఖాయం. చివరికి 195 దాకా పిలిచారు.

తీరా లెక్కలు వేసి చూస్తే గొట్టాలు సరిగ్గా కలవనే లేదు. జాడీలో పొయ్యకముందు నెలల వారీగా, జనవరి నుంచి డిసెంబరు దాకా, ఒక పెట్టెలో వేసుకుంటూ వచ్చారు. కలిపింది చాలలేదు. బాగా కలిసి ఉంటే ప్రతి నెల సగటు నంబరూ 183 చుట్టుపక్కల ఉండాలి. జనవరిలో పుట్టినవాళ్లకు అది 201, డిసెంబరులో పుట్టినవాళ్లకు 121. చెయ్యి పెట్టి ఇంకాసేపు కలపనందుకు డిసెంబరు పిల్లలకు ముందు పిలుపొచ్చింది. పైగా ఆ జాడీ దాకా రాకుండానే కాలేజీ చదువు పేరుతో, తెలిసిన డాక్టరు రాసిచ్చిన కాగితంతో బయటపడ్డవాళ్లు ఎందరో. నా వాక్యం అప్పటికే అచ్చయిపోయింది. ఇప్పటికీ ఆ పేజీ కనపడితే మనసు చివుక్కుమంటుంది. నీ మూడో పేజీలో ‘నిష్పాక్షికమైన లాటరీ’ అని ఉంది చూడు, అక్కడ పెన్సిల్ గుర్తు పెట్టింది అందుకే.

శరీరాల గురించి ఒక్క ముక్కా రాయలేదు నువ్వు. కొడుకులిద్దరికీ సైన్యం తప్పించాలని వాళ్ల బొటనవేళ్లు కోయించిన ఒక రోమన్ పెద్దమనిషిని, అగస్టస్ చక్రవర్తి ఆస్తితో సహా వేలం వేయించాడు. నెపోలియన్ కాలంలో కుర్రాళ్లు ముందుపళ్లు పీకించుకునేవారు. పళ్లే ఎందుకంటే, అప్పటి తుపాకీలో మందు పొయ్యాలంటే కాగితపు తూటాను పళ్లతో కొరికి చించాలి. 1820ల నుంచి ఈజిప్టులో మహమ్మద్ అలీ పాషా రైతు బిడ్డల్ని పట్టుకుపోతుంటే వేళ్లు నరుక్కున్నవాళ్లు, కన్ను పొడుచుకున్నవాళ్లు ఉన్నారు. ఇలాంటివి రాసేటప్పుడు విశేషణాలు వెయ్యకు. ఏ వేలు, ఏ పన్ను, ఎందుకు అన్నది చెప్పి వదిలెయ్.

ఎక్కువ చోటు మాత్రం రష్యాకివ్వు. 1793 వరకు అక్కడ సైన్యంలో చేరడమంటే బతుకంతా. ఆ ఏడు ఇరవై అయిదేళ్లకు తగ్గించారు, అదీ బతికుంటే. ఎవర్ని పంపాలో భూస్వామి, గ్రామం కలిసి తేల్చేవారు. ఊరికి తలనొప్పిగా ఉన్నవాణ్ని వదిలించుకోవడానికీ అదే దారి. పరీక్షలో నెగ్గినవాడికి నుదుటి పైనున్న జుట్టు గొరిగేవారు, పారిపోతే ఎవరైనా గుర్తుపట్టేలా. పనికిరాడని తేలినవాడికి వెనకవైపు గొరిగేవారు. బయట ఎదురుచూస్తున్న తల్లికి ఎవరూ నోరు విప్పి చెప్పాల్సిన పని లేదు, తల చూస్తే చాలు. సాగనంపేటప్పుడు ఆడవాళ్లు చనిపోయినవాళ్లకు పాడే ఏడుపు పాటలే పాడేవారు.

ఆ తర్వాత మిగిలేది భార్య. సిపాయి పెళ్లాంగా చట్టం ఆమెను భూస్వామి కిందనుంచి తప్పించింది. స్వేచ్ఛే మరి, కానీ నిలబడటానికి సెంటు భూమి లేదు, అత్తింట్లో ఆమె ఒక అదనపు నోరు. మొగుడు ఉన్నాడో పోయాడో తెలియదు, మళ్లీ పెళ్లికి వీల్లేదు. భార్యా కాదు, వితంతువూ కాదు. అలాంటివాళ్లు ఎందరో పట్నాలకు చేరి పాచిపనులు చేసుకు బతికారు. నిర్బంధ సేవ ప్రభావం సమాజం మీద ఎలా ఉందని నువ్వు శీర్షిక పెట్టావు కదా, ఆ శీర్షిక కింద మొదట రావాల్సింది ఈవిడ.

ఇంతా చెప్పి, మొత్తం చీకటిగా రాయమనడం లేదు. 1874లో రష్యా ఆ పద్ధతి మార్చి అన్ని వర్గాలవారికీ ఆరేళ్ల సేవ పెట్టింది. ప్రాథమిక బడి పూర్తిచేసినవాడికి నాలుగేళ్లు, విశ్వవిద్యాలయంలో చదివినవాడికి ఆరు నెలలే. బిడ్డను బడికి పంపడానికి రైతుకొక గట్టి కారణం దొరికింది, చదువుకున్నవాడికి మరీ పెద్ద మేలు జరిగింది. రెండూ రాయి. అమెరికాలో 1946 నాటి బడి భోజన చట్టం వెనక, యుద్ధకాలపు వైద్యపరీక్షల్లో చాలామంది కుర్రాళ్లు పోషకాహారం లేక బలహీనంగా ఉన్నారని తేలడం కూడా ఉంది. అదే దేశంలో, యుద్ధానికి పంపే వయసు వచ్చినవాడికి ఓటు ఎందుకు లేదని అడిగి అడిగి 1971లో ఓటు వయసును పద్దెనిమిదికి తెచ్చారు. పిలిచే అధికారం ప్రభుత్వానికి ఉన్నప్పుడు, పిలిపించుకున్నవాడికి తిరిగి అడిగే హక్కు పుడుతుంది. నాకు ఈ చరిత్రలో ఆశ కనపడేది ఇక్కడే.

కాదన్నవాళ్లకు నువ్విచ్చిన రెండు లైన్లు బొత్తిగా చాలవు. మొదటి ప్రపంచయుద్ధంలో బ్రిటన్ 1916లో నిర్బంధ సేవ చట్టం చేశాక దాదాపు పదహారు వేలమంది మనస్సాక్షి ఒప్పుకోదని చెప్పారు. వాళ్లలో కొందరిని ఫ్రాన్సుకు తరలించి, ముప్పై అయిదు మందికి మరణశిక్ష చదివి, ఆ వెంటనే పదేళ్ల జైలుగా మార్చారు. ఆ రెండు వాక్యాల మధ్య ఎంతసేపు పట్టి ఉంటుందో ఊహించు. ఆస్ట్రేలియా అయితే జనాన్నే అడిగింది, 1916లో ఒకసారి, 1917లో ఇంకోసారి. రెండుసార్లూ వద్దన్నారు. యుద్ధం మధ్యలో ప్రజలు ఓటేసి వద్దనగలిగారన్నది చిన్న విషయమా?

ఇవాళ్టి సంగతులు క్లుప్తంగా చాలు. స్వీడన్ 2010లో ఆపి 2017లో మళ్లీ మొదలుపెట్టింది, నార్వే 2015 నుంచి ఆడపిల్లల్నీ పిలుస్తోంది. ఎరిత్రియాలో చట్టం పద్దెనిమిది నెలలంటుంది, కుర్రాళ్లు ఏళ్ల తరబడి బయటికి రాలేక దేశం వదిలి పారిపోతున్నారు. ఎరిత్రియాను మాత్రం ఒక్క వాక్యంతో సరిపెట్టకు.

నీకూ నాకూ ఆ పిలుపు ఉత్తరం రాలేదు. అందుకే తీర్పులు చెప్పడం మనకు తేలిక, అందుకే ఎక్కువ చదవాలి. మూడో పేజీ తీసేసి గాజుజాడీ గురించి నువ్వే చదివి నీ మాటల్లో రాయి. రష్యా సిపాయి భార్యకు కనీసం రెండు పేజీలు ఇవ్వు. రాశాక టైపు చేసేదాకా ఆగక్కర్లేదు, చేతిరాతలోనే పంపు. పెన్సిల్ చెక్కి పెట్టుకుంటాను.

ప్రేమతో,
మీ మాస్టారు