హన్నా, అన్న, అన్నమ్మ: ఒకే పేరా?

సందేహం: మా అబ్బాయీ కోడలూ పాపకు 'హన్నా' అని పేరు పెడదామనుకుంటున్నారు. మా అత్తగారి పేరు అన్నమ్మ. 'ఇది ఆవిడ పేరే కదా' అంటుంది కోడలు. అన్నమ్మ అంటే అన్నం పెట్టే తల్లి అని మేమంతా అనుకుంటున్నాం. సంస్కృతంలో 'హన్' అంటే చంపడమనీ, ఆ పేరు వద్దనీ తెలిసిన మాస్టారొకరు అంటున్నారు. అర్థం వెతికితే ఒకచోట 'దేవుని కృప', ఒకచోట 'అందం', ఇంకోచోట 'పువ్వు' అని ఉంది. ఏది సరి? చివర దీర్ఘం ఉండాలా? 'హన్నాకు' అనాలా, 'హన్నకు' అనాలా?
– ఒక పాఠకురాలు, తెనాలి

సమాధానం: మీ కోడలి మాట నిజమే కావచ్చు. అయితే దాన్ని తేల్చేది వ్యాకరణం కాదు, మీ అత్తగారికి ఆ పేరు ఎవరు, ఏ ఆచారం ప్రకారం పెట్టారన్నది. ఆ సంగతికి తర్వాత వస్తాను. ముందు హన్నా.

హీబ్రూలో ఈ పేరుకు మూడే అక్షరాలు: హేత్, నూన్, హే. నడిమి నూన్‌లో ఒక చుక్క ఉంటుంది. ఆ హల్లును ఒత్తి పలకమని దాని అర్థం, మన నకారం కింద న ఒత్తు లాగా. చివరి హే పలకదు. దాని ముందున్న అచ్చు 'ఆ' అని చూపడానికే అది ఉంది. ఇంగ్లీషు స్పెల్లింగులో చివర నిలబడ్డ హెచ్ ఆ హే నీడే. కాబట్టి తెలుగులో 'హన్నాహ్' అని రాయడం అనవసరం, తప్పు కూడా. (ఇంగ్లీషులో ఈ పేరును వెనక నుంచి చదివినా అదే వస్తుందని మురిసిపోతుంటారు. ఆ వింత ఇంగ్లీషు స్పెల్లింగుది. హీబ్రూలో రాదు, తెలుగులోనూ రాదు.)

మొదటి అక్షరం హేత్ మన హకారం కాదు. గొంతు లోపలి నుంచి ఒరుసుకుంటూ వచ్చే ధ్వని. ఉర్దూ చదువుకున్నవారికి 'బడీ హే' తెలిసే ఉంటుంది, అరబ్బీలో దాన్ని ఎలా పలుకుతారో హీబ్రూ హేత్‌నూ పూర్వం అలాగే పలికేవారు. నేటి ఇజ్రాయెల్‌లో చాలామంది నోట అది ఖకారానికి దగ్గరగా మారి, ఒత్తు కూడా పోయి, పేరు 'ఖనా' లాగా వినిపిస్తుంది. తెలుగులో దానికి సరిపడే అక్షరం లేదు. 'హ' రాయడమే మేలు. 'ఖన్నా' అని రాస్తే పంజాబీ ఇంటిపేరవుతుంది!

ఇక అర్థం. మీ ఇంట్లో తెలుగు బైబిలు ఉంటే 119వ కీర్తన తీయండి. ఎనిమిదేసి వచనాలకు ఒక హీబ్రూ అక్షరం చొప్పున నడిచే కీర్తన అది. 57వ వచనంతో హేత్ భాగం మొదలవుతుంది. మరుసటి వచనంలో 'నన్ను కరుణింపుము' అని ఉంది. మూలంలో ఆ మాట 'హొన్నేని'. హ-న-న అనే మూడు హల్లుల ధాతువు నుంచి వచ్చిన క్రియ. హన్నా పుట్టింది ఆ ధాతువు నుంచే. దాని నామవాచకం 'హేన్'.

చిక్కు ఎక్కడంటే, తెలుగు బైబిలులో 'కృప' అన్న మాట హేన్ ఒక్కదానికే కట్టుబడి లేదు. 51వ కీర్తన మొదట్లో 'నీ కృపచొప్పున నన్ను కరుణింపుము' అని ఉంటుంది. అక్కడ 'కృప' అన్నది 'హెసెద్' అనే వేరే మాటకు అనువాదం. అంటే ఒడంబడిక ఉన్నవారి మధ్య విడవకుండా నిలిచే దయ. హన్నా ధాతువు ఆ వాక్యంలో 'కరుణింపుము' దగ్గర ఉంది. కనుక హన్నా అంటే కృప అని ఊరుకుంటే సగమే చెప్పినట్టు. హెసెద్‌లో బంధం ఉంది. హేన్‌లో బంధం లేదు, బాకీ లేదు. పైవాడు కిందివాణ్ణి చూసి, ఇవ్వాల్సిన పని లేకపోయినా, మనసుపడి ఇచ్చేది హేన్. అదే ధాతువు నుంచి వచ్చిన 'హిన్నామ్' అన్న మాటకు 'ఉచితంగా' అని అర్థం. 'ఊరికే, కారణం లేకుండా' అని కూడా.

హీబ్రూలో హేన్ తరచుగా 'కళ్ళ'తో కలిసి వస్తుంది. ఫలానావారి కళ్ళలో హేన్ దొరికింది అనడం వాళ్ళ నుడికారం. ఆదికాండము 6వ అధ్యాయంలో నోవహు యెహోవా దృష్టిలో కృప పొందాడన్న చోట ఉన్నది అదే. హీబ్రూలో నోవహు పేరుకున్న రెండు అక్షరాలను తిప్పి రాస్తే 'హేన్' వస్తుంది. రాసినవారు అది గమనించకుండా రాశారనుకోలేం. హన్నా కథలోనూ ఇలాంటి చమత్కారమే ఉంది. మొదటి సమూయేలు మొదటి అధ్యాయంలో, పిల్లలు లేక ఏడుస్తున్న హన్నాను యాజకుడు ఏలీ ముందు తాగి ఉందనుకుంటాడు, తర్వాత దీవిస్తాడు. అప్పుడామె 'నీ సేవకురాలనైన నేను నీ దృష్టికి కృప పొందుదును గాక' అంటుంది (18వ వచనం). మూలంలో ఆ 'కృప' హేన్. హన్నా హేన్‌ను అడుగుతోంది, అంటే తన పేరును తానే అడుగుతోంది. తెలుగులో చదివినవారికి ఈ శ్లేష అందదు, అనువాదకుల తప్పేమీ లేదు.

మీకు కనబడిన 'అందం' అన్న అర్థం కూడా గాలిలోంచి రాలేదు. సామెతలు 31:30లో 'అందము మోసకరము' అన్నచోట మూలంలో ఉన్నది మళ్ళీ హేన్ అన్న మాటే. చూసేవారిలో దయ పుట్టించే గుణం కూడా హేన్ కిందికే వస్తుంది, అంటే లావణ్యం, ఆకర్షణ. కానీ పేరు అర్థం చెప్పేటప్పుడు దీన్ని ముందు పెట్టకూడదు.

ఒక్క తెలుగు మాటలో చెప్పమంటే నేను 'కటాక్షం' అంటాను. కృప, దయ, కరుణ, అనుగ్రహం ఏదీ తప్పు కాదు. కానీ కటాక్షం అంటే కడగంటి చూపు. మాటలోనే కన్ను ఉంది. కళ్ళలో హేన్ దొరకడం అనే హీబ్రూ నుడికారానికి మన భాషలో ఇంతకంటే దగ్గరి మాట నాకు కనబడలేదు.

'దేవుని కృప' అనడం మాత్రం కొంచెం ఎక్కువ చెప్పడం. హన్నాలో దేవుడి పేరు లేదు. అది ఉన్న పేర్లు వేరే ఉన్నాయి. యోహానులో మొదటి 'యో' యెహోవా పేరుకు కురచ రూపం, మిగతాది మన ధాతువే: యెహోవా కటాక్షించాడు అని అర్థం. లూకా 8:3లోని యోహన్న దాని స్త్రీ రూపం. హనన్యాలో దేవుడి పేరు చివర చేరింది. రోమును గడగడలాడించిన కార్తేజి సేనాని హన్నిబాల్ పేరు కూడా ఈ కుదురుదే. హీబ్రూకు చెల్లెలి లాంటి ప్యూనిక్ భాషలో 'బాల్ దేవుడి కటాక్షం' అని. జర్మనీలో పుట్టిన తత్త్వవేత్త హన్నా ఆరెంట్ (1906–1975) అసలు పేరు యొహానా. ముద్దుపేరు హన్నా. అక్కడ పొడుగు పేరు కురచైనా ధాతువు మాత్రం మారలేదు.

ఇక హన్నా 'అన్న' ఎలా అయింది? హీబ్రూ గ్రంథాలను క్రీస్తుకు పూర్వమే గ్రీకులోకి మార్చినప్పుడు హేత్‌కు సరిపడే అక్షరం దొరకలేదు. (తమాషా ఏమిటంటే, ఫినీషియన్ల హేత్ నుంచే గ్రీకు 'ఈటా' పుట్టింది. కానీ ఆపాటికి అది అచ్చుగా మారిపోయింది.) ఆ హల్లు రాలిపోయి 'అన్నా' మిగిలింది. లాటిను దాన్నే తీసుకుంది. అక్కడి నుంచి ఫ్రెంచి, ఇంగ్లీషుల్లో ఆన్, రష్యనులో అన్నా, స్పానిషులో అనా, దాని ముద్దుపేరు అనితా. (మన అనితలందరినీ ఆ లెక్కలో వేయకండి.) 1611 నాటి ఇంగ్లీషు బైబిలు పాత నిబంధనను హీబ్రూ నుంచీ కొత్త నిబంధనను గ్రీకు నుంచీ తెచ్చుకుంది కాబట్టి, ఒకే పేరు ఒకే పుస్తకంలో రెండు రకాలుగా నిలిచింది. తెలుగు బైబిలులోనూ అంతే. సమూయేలు తల్లి హన్నా. లూకా 2:36లో పనూయేలు కుమార్తె, ముసలి ప్రవక్త్రి, 'అన్న'. ఇంకో చిక్కు: యోహాను 18:13లో కయప మామ కూడా తెలుగులో 'అన్న'యే! గ్రీకులో అతని పేరు చివర సకారం ఉంది, తెలుగులోకి వచ్చేసరికి అది పోయింది. అతనిదీ హ-న-న కుదురే. ఆడమనిషి, మగమనిషి, పైగా తోడబుట్టిన అన్న, ముగ్గురూ తెలుగులో ఒకే మాటలో ఇరుక్కున్నారు.

ఈ 'అన్న'కు 'అమ్మ' చేరిస్తే అన్నమ్మ. కేరళ క్రైస్తవుల్లో ఇది బాగా పాత పేరు. తెలుగు కతోలికులకు అన్నమ్మ అంటే మరియమ్మ తల్లి. ఆమె పేరు బైబిలులో లేదు, యాకోబు పేరున ఉన్న రెండో శతాబ్దపు ఒక గ్రంథంలో కనబడుతుంది. జూలై 26 ఆమె పండుగ. హైదరాబాదు మెహిదీపట్నంలోని సెయింట్ ఆన్స్ కళాశాలది కూడా ఆమె పేరే. ముస్లింల సంప్రదాయంలోనూ మర్యం తల్లి పేరు హన్నా, ఖురానులో మాత్రం ఆమెను పేరుతో పిలవలేదు. తెలుగు పల్లెనోట హకారం నిలవకపోవడం ఇంకో కారణం. హనుమంతు అనుమంతు అయినట్టు హన్నమ్మ కూడా అన్నమ్మ అవుతుంది. గ్రీకులో ఒకసారి రాలిన హకారం మన నోట మళ్ళీ రాలుతుందన్నమాట.

అయితే అన్నమ్మలందరూ హీబ్రూవారు కారు. అన్నమయ్య (1408–1503) కాలానికి మన దగ్గర క్రైస్తవ మిషనరీలు లేరు. 'అన్న' మొదట ఉన్న పేర్లు మనకు సొంతంగా ఉన్నాయి. అన్నపూర్ణలోని అన్నం సంస్కృతం. తోడబుట్టిన అన్న ద్రావిడం. ఆ రెండింటికీ ఒకదానితో ఒకటికి గానీ, హీబ్రూతో గానీ చుట్టరికం లేదు. మీ అత్తగారిది ఏ అన్నమ్మో తెలియాలంటే బాప్తిస్మపు రిజిస్టరు చూడండి. అది లేకపోతే ఆవిడ తోబుట్టువుల పేర్లు చూడండి. పక్కన మరియమ్మ, ఎలిజబెత్తు, యోహాను ఉంటే మీ కోడలు గెలిచినట్టే. పక్కన అన్నపూర్ణ, వెంకమ్మ ఉంటే మీ మాటే నెగ్గుతుంది.

మాస్టారి అభ్యంతరం. 'హన్' ధాతువు అర్థం చంపడమే. కానీ దాని నుంచి వచ్చే రూపాలు హతం, హంత, హననం. 'హన్న' రాదు. నిజం చెప్పాలంటే సంస్కృతంలో 'హన్న' అనే మాట వేరే ధాతువు నుంచి వస్తుంది: 'హద్'. ధాతుపాఠం దానికి 'పురీషోత్సర్గే' అని అర్థం చెప్పింది, తెలుగు చేసి చెప్పను. అద్ నుంచి అన్నం, భిద్ నుంచి భిన్నం, ఛిద్ నుంచి ఛిన్నం ఏ పాణిని సూత్రంతో (8.2.42) వస్తాయో హద్ నుంచి హన్నం కూడా దానితోనే వస్తుంది. మాస్టారికి ఈ సంగతి చెప్పకండి, ఇంకా బిగుసుకుంటారు! ఆ మాట వాడుకలో లేదు. హీబ్రూ పేరుకు సంస్కృత ధాతువు వెతకడం, తెలుగు 'పది'కి హిందీలో అర్థం వెతకడం లాంటిది.

'పువ్వు' అన్నది జపాను భాషలోని 'హనా'. దీనికి సంబంధం లేదు. గోరింటాకును చెప్పే 'హెన్నా' అరబ్బీ మాట, అదీ వేరే ధాతువే. సుఖం, సంతోషం అనే అర్థంలో ముస్లింలు పెట్టుకునే 'హనా' మరొకటి. అరబ్బీలో నిజంగా చుట్టమయ్యేది 'హనాన్', అంటే ఆర్ద్రత, జాలి. ఖురాను 19:13లో యహ్యా, అంటే బాప్తిస్మమిచ్చే యోహాను, గురించి చెప్పేటప్పుడు ఆ మాట వస్తుంది.

చివరి దీర్ఘం సంగతి. సంస్కృతం నుంచి వచ్చిన ఆకారాంత స్త్రీ నామాలకు తెలుగులో చివర హ్రస్వం వస్తుంది: సీతా, రమా, లతా అన్నవి సీత, రమ, లత. కొత్త నిబంధన పేర్లు ఎక్కువగా ఆ దారిలోనే నడిచాయి: మరియ, మార్త, అన్న, యోహన్న. పాత నిబంధన పేర్లు ఎక్కువగా దీర్ఘాన్ని వదల్లేదు: శారా, లేయా, రిబ్కా, దెబోరా, హన్నా. (హవ్వ దీనికి లొంగలేదు.) 'హన్న' అని రాస్తే తప్పని చెప్పను గానీ నేనైతే దీర్ఘమే ఉంచుతాను. హ్రస్వం చేస్తే ద్వితీయలో 'హన్నను' అని నకారాలు గుమిగూడతాయి, 'అన్నను' అని వినబడే ప్రమాదమూ ఉంది. హన్నాను, హన్నాకు, హన్నాతో, హన్నా పుస్తకం అని రాయండి. అమ్మ చేరిస్తే సంధి జరిగి హన్నమ్మ. 'హన్నాఅమ్మ' కాదు.

న ఒత్తు మాత్రం వదలకండి. ఒత్తు పోతే పేరు 'హనా' అవుతుంది, పైన చెప్పిన జపాను పువ్వు, అరబ్బీ సంతోషం రెండూ వచ్చి కూర్చుంటాయి. ఇంగ్లీషులో ఎన్ రెండుసార్లు ఉండాలి. చివరి హెచ్ ఉంచినా మానినా పేరు మారదు. కాకపోతే జనన ధ్రువపత్రంలో ఏది రాయించారో ఆధార్‌లోనూ, బడి రిజిస్టరులోనూ అదే ఉండేటట్టు చూసుకోండి. ఒకదానిలో హెచ్ ఉండి ఒకదానిలో లేకపోతే పదో తరగతి సర్టిఫికెట్టు చేతికొచ్చాక దిద్దించడానికి తిరగాల్సి వస్తుంది.

పిలిచేటప్పుడు ఏ గొడవా లేదు. సీతను పిలిస్తే 'సీతా!' అని దీర్ఘం ఎలాగూ వస్తుంది. మీరు హన్న అని రాసుకున్నా, హన్నా అని రాసుకున్నా, వీధిలోంచి పిలిస్తే 'హన్నా!' అనే వినబడుతుంది.