ఆ పదో వంతు సెకను: పాట గురించి రాస్తున్న తమ్ముడికి

తమ్ముడూ,

నీ వ్యాసం అందింది. రెండుసార్లు చదివాను. మొదటిసారి మధ్యాహ్నం భోజనమయ్యాక నడుం వాల్చి, రెండోసారి పెన్సిల్ పట్టుకుని. ముందు ఒక మాట. నన్ను ‘గౌరవనీయులైన మేడం గారికి’ అనకు, స్కూల్లో లీవ్ లెటర్ చదువుతున్నట్టుంది. అక్కా అను చాలు.

అమెరికన్ ట్రంపెటర్ హెర్బ్ ఆల్పర్ట్ ‘రైజ్’ మీద రాయాలని నీకు తోచడం నాకు నచ్చింది. మాటల్లేని పాట అది. డిస్కో జోరు మీదున్న 1979లో వచ్చి, అమెరికాలో నంబర్ వన్ అయిన ట్రంపెట్ పాట. తెలుగులో దాని గురించి రాయడం తేలిక కాదు. సినిమా పాటల మీద రాసే మాలాంటి వాళ్లం పల్లవి ఎత్తి రాసి, చరణానికి అర్థం చెప్పి సగం పేజీ నింపేస్తాం. నీకు ఆ వీలు లేదు. అందుకని విశేషణాల మీద పడ్డావు. మొదటి పేరాలోనే ‘జాజ్ మాధుర్యం, డిస్కో హుషారు కలగలిసిన అపురూప సమ్మేళనం’ అన్నావు. ‘అపురూపం’ మొత్తం నాలుగు చోట్ల ఉంది, లెక్కపెట్టాను. ఆ వాక్యాన్ని తీసుకెళ్లి ఇంకో పాటకి అతికించు, అక్కడా చక్కగా అతుక్కుంటుంది. ఎక్కడైనా అతుక్కునే వాక్యం నీ వ్యాసంలో ఎందుకు?

అసలు సరుకు నీ దగ్గరే ఉంది. మూడో పేజీలో బ్రాకెట్లలో పడేశావు. డ్రమ్మర్ స్టీవ్ షేఫర్ సంగతి. నేనైతే ఆ బ్రాకెట్లు విప్పి అక్కడే మొదలుపెడతాను.

ఆ రికార్డింగ్ గదిలో ఏం జరిగిందో ఒకసారి నెమ్మదిగా చూడు. ఆల్పర్ట్‌కి అప్పటికి నలభై దాటాయి. 1962లో ‘ది లోన్లీ బుల్’తో మొదలుపెట్టి, టిజువానా బ్రాస్ అనే బృందం పేరుతో అరవైల్లో అమెరికాని ఊపేసినవాడు. అదే ఏడాది జెర్రీ మాస్‌తో కలిసి ఎ అండ్ ఎం రికార్డ్స్ పెట్టాడు. ఇద్దరి ఇంటిపేర్లలో మొదటి అక్షరాలే కంపెనీ పేరు. 1969లో బృందాన్ని రద్దు చేసుకున్నాడు. ఆ తర్వాత పదేళ్లు కంపెనీ పెరిగింది గానీ, ఆయన ట్రంపెట్‌కి పెద్ద హిట్ లేదు. అప్పుడు రాండీ ఆల్పర్ట్ ఒక ఐడియాతో వచ్చాడు. టిజువానా బ్రాస్ పాత పాటల్ని డిస్కో దరువులో మళ్లీ చేద్దామని.

(ఇక్కడ ఒక చిన్న దిద్దుబాటు. రాండీని ‘మేనల్లుడు’ అని రాశావు. అతని ఇంటిపేరు కూడా ఆల్పర్టే. సోదరుడి కొడుకుని మనం మేనల్లుడు అనం. నెఫ్యూ అని కనపడగానే చెయ్యి దానంతటదే అలా రాసేస్తుంది, నాకూ జరిగింది.)

స్టూడియో బుక్ చేశారు, వాయించేవాళ్లు వచ్చారు, ‘లోన్లీ బుల్’ డిస్కో అవతారం ఎత్తింది. ఆల్పర్ట్‌కి అది వినబుద్ధి కాలేదు. ఆపేశాడు. మనుషులున్నారు, గది ఉంది, టైం మిగిలింది. ఆ మిగిలిన టైంలో రాండీ, అతని స్నేహితుడు ఆండీ ఆర్మర్ కట్టిన కొత్త ట్యూన్ ఒకటి బయటికి తీశారు. అదీ మొదట డిస్కో వేగంలోనే ఉంది. షేఫర్ అప్పుడన్నాడు, కాలం దింపుదాం, అంటే వేగం తగ్గిద్దాం అని. నిమిషానికి 100 దెబ్బల దగ్గరకి తెస్తే జనం డాన్సు చేస్తూనే ఒకళ్లనొకళ్లు కౌగిలించుకోగలరు అని.

నువ్వు దీన్ని ‘టెంపో తగ్గించడం వల్ల పాటకు కొత్త అందం వచ్చింది’ అని ఒక్క ముక్కలో తేల్చేశావు. లెక్క వేసి చూడు. డిస్కో పాట మామూలుగా నిమిషానికి 120 దెబ్బల చుట్టూ తిరుగుతుంది. అంటే దెబ్బకీ దెబ్బకీ మధ్య అర సెకను. 100కి దింపితే ఆ ఎడం 0.6 సెకను. వచ్చిన తేడా పదో వంతు సెకను, రెప్పపాటు కూడా కాదు. ఆ పాటి ఎడంలో రెండు ఒళ్లు దగ్గరకి రావడానికి చోటు దొరికింది. పాఠకుడు నీ పేజీ పక్కన పెట్టి, బల్ల మీద వేలితో రెండు రకాలుగా కొట్టి చూసుకోవాలి. అంతవరకు తీసుకెళ్తే ‘అందం’ అనే మాట నువ్వు రాయనే అక్కర్లేదు.

మధ్యలో నా గొడవ ఒకటి చెప్తాను. నా మొదటి కథ అచ్చయినప్పుడు ఉత్తరాలు బాగా వచ్చాయి. అత్తగారింటి వంటగదిలో జరిగే కథ. ఆ వారపత్రికవాళ్లు ‘అలాంటిదే ఇంకోటి’ అడిగారు. నేను రాసేశాను. అదే వంటగది, అదే అత్తగారు, ఈసారి పేర్లు వేరు. రాస్తున్నంతసేపూ ఎక్కడో తేడా కొడుతూనే ఉంది, అయినా రాశాను. అచ్చయింది. ఒక్క ఉత్తరం రాలేదు. అందుకే ఆల్పర్ట్ ఆ రోజు రికార్డింగ్ ఆపేశాడని చదివినప్పుడల్లా నాకు కాస్త కుళ్లు. డబ్బు ఖర్చవుతున్న గదిలో, అంతమంది ముందు, తన సొంత హిట్ పాటని ఇక వద్దనడం చిన్న విషయం కాదు. నీ వ్యాసంలో ఈ ఆపడానికి రెండు లైన్లే ఇచ్చావు, గ్రామీ అవార్డుకి పేరా ఇచ్చావు. తిరగెయ్యి. అవార్డు మాట ఒక్క వాక్యంలో అయిపోతుంది: 1980లో బెస్ట్ పాప్ ఇన్‌స్ట్రుమెంటల్ గ్రామీ వచ్చింది.

ఇక జాజ్. ‘జాజ్ ప్రభావం’ అని అయిదుసార్లు అన్నావు, ఎక్కడుందో ఒక్కసారి చూపించలేదు. మళ్లీ విను. ఆల్బంలో ఉన్న పూర్తి పాట, ఏడున్నర నిమిషాల పైచిలుకుది. సింగిల్ రికార్డులో అందులో సగమే ఉంటుంది, అది వింటే నీకు పని జరగదు. ట్రంపెట్ కొన్ని స్వరాలు పలికి ఆగుతుంది. ఆగినచోట బేస్ గిటార్ నడుస్తుంటుంది. అది మెక్సికో నుంచి వచ్చిన ఏబ్రహాం లాబోరియెల్ చెయ్యి. మళ్లీ ట్రంపెట్ వస్తుంది, తొందరేం లేదన్నట్టు దెబ్బకి కాస్త వెనకగా. అందరూ ఒకే గదిలో కలిసి వాయించిన పాట ఇది, తర్వాత కలిపింది చప్పట్లు, కొంచెం తాళవాద్యాలు, అంతే. ఒకడు ఆగితే ఇంకొకడు అందుకోవడం అందుకే వినిపిస్తుంది. దానికి ముందు ఏడాదే, 1978లో, దక్షిణాఫ్రికా ట్రంపెటర్ హ్యూ మసెకెలాతో కలిసి ఆల్పర్ట్ ఆల్బం చేశాడు. పక్కవాడి ఊపిరి వింటూ వాయించే అలవాటు ఆ ఏడాది కాస్త ముదిరి ఉంటుందని నా ఊహ. ఊహ కాబట్టి దాన్ని ఊహ అనే రాయాలి, నువ్వు కూడా.

ట్రంపెట్‌ని మన సన్నాయితో పోల్చిన పేరా మాత్రం కొట్టేశాను. కోప్పడకు. లాస్ ఏంజిలిస్‌లో పుట్టిన పాటని పెళ్లి పందిట్లోకి లాక్కొస్తే తప్ప మనవాళ్లకి అర్థం కాదని ఎందుకనుకుంటావు? ఎ అండ్ ఎం స్టూడియో ఉన్న ఆవరణ ఒకప్పటి చార్లీ చాప్లిన్ స్టూడియో. ఆ ఒక్క ముక్క రాయి, పాఠకుడు తనే అక్కడికి నడిచి వెళ్తాడు.

నువ్వు అసలే రాయని సంగతి ఒకటుంది. అరవైల చివర్లో ఆల్పర్ట్‌కి ట్రంపెట్ పలకడం మానేసింది. కోట్ల రికార్డులు అమ్మిన మనిషికి పెదవి దగ్గర స్వరం తడబడింది, నత్తిలాగా. న్యూయార్క్‌లో కార్మైన్ కరూసో అనే గురువు దగ్గరకి వెళ్లాడు. ఆయన పేరుమోసిన ట్రంపెట్ మాస్టారు, తను మాత్రం ట్రంపెట్ వాయించడు. ఆయన చెప్పిన మాటని ఆల్పర్ట్ ఇంటర్వ్యూల్లో పదేపదే తలుచుకుంటాడు: చేతిలో ఉన్నది ఒట్టి పైపుముక్క, వాయిద్యం నువ్వే అని. ‘రైజ్’లో ఆ తొందరలేనితనం ఎక్కడినుంచి వచ్చిందని నన్నడిగితే, డ్రమ్మర్ మాట సగం, ఈ తడబడిన ఏళ్లు సగం అంటాను. రాయలేక కూర్చున్న రోజులు నీకూ వస్తాయి. నాకు ఒకసారి రెండేళ్లు వచ్చాయి. అప్పుడు కొత్త పెన్నులు కొన్నాను, ఏం లాభం లేదు.

నీ వ్యాసంలో నాలుగో పేజీకి వద్దాం. పాట ఎలా పైకెక్కిందో రాసేటప్పుడు ‘ప్రజలు బ్రహ్మరథం పట్టారు’ అన్నావు. అంత సాఫీగా జరగలేదు. 1979 జులై 12న షికాగో బేస్‌బాల్ మైదానంలో డిస్కో రికార్డుల్ని కుప్ప పోసి పేల్చేశారు. డిస్కో జోరు మీద ఉండగానే జనం అదంటే విసిగిపోతున్న ఏడాది అది. అలాంటప్పుడు ఈ పాటకి పెద్ద ఊతం ఇచ్చింది టీవీ సీరియల్. ‘జనరల్ హాస్పిటల్’ అని ఏబీసీలో పగటిపూట వచ్చేది. అక్టోబర్‌లో అందులో ల్యూక్ అనే పాత్ర లారాని డిస్కో హాలులో బలాత్కారం చేసే సన్నివేశానికి వెనక ఈ పాట పెట్టారు. తర్వాత కూడా ఆ ఇద్దరి కథలో అది వినిపిస్తూ వచ్చింది. అక్టోబర్ 20న, మైకేల్ జాక్సన్ ‘డోంట్ స్టాప్ టిల్ యూ గెట్ ఇనఫ్’ ముందువారం కూర్చున్న నంబర్ వన్ కుర్చీలో ‘రైజ్’ కూర్చుంది. రెండు వారాలు ఉంది. 1968లో ‘దిస్ గైస్ ఇన్ లవ్ విత్ యూ’ పాడి నంబర్ వన్ అయిన మనిషి, ఇప్పుడు పాడకుండానే అయ్యాడు. అలా రెండూ సాధించింది ఆయనొక్కడే.

ఆ సీరియల్ సంగతి నీకు తెలియదనుకోను. తెలిసీ వదిలేశావు, పాటకి మచ్చ అని. ఉంచు. హాయిగా కౌగిలించుకోడానికి దింపిన కాలం, అలాంటి దృశ్యానికి పనికొచ్చింది. నాకు ఇప్పటికీ మింగుడుపడదు. మింగుడుపడదనే రాయి, సర్దిచెప్పకు. వాయించినవాళ్ల తప్పేం లేదు, వాయించాక అది వాళ్ల చేతిలోనూ లేదు.

నేను దీన్ని మొదట విన్నది మా బాబాయి దుబాయ్ నుంచి తెచ్చిన క్యాసెట్‌లో. పేరు తెలియదు, క్యాసెట్ మీద సిరా అలుక్కుపోయింది. చాలా ఏళ్లకి మా అబ్బాయి గదిలోంచి అదే బేస్, అదే గిటార్ వినపడి చేతిలో గరిటెతో పరిగెత్తాను. ట్రంపెట్ లేదు. దాని మీద ఒక బొంగురు గొంతు మాటలు దంచేస్తోంది. రాపర్ నటోరియస్ బి.ఐ.జి. పాడిన ‘హిప్నటైజ్’. ‘ఇది నాకు తెలుసురా’ అంటే వాడు నన్ను చూసిన చూపు ఉంది చూడు!

ఆ పాట కథ నువ్వు బాగా రాశావు, అక్కడ ఒక్క కామా కూడా దిద్దలేదు. 1997 మార్చి 9న అతన్ని లాస్ ఏంజిలిస్‌లో కాల్చి చంపడం, పదహారు రోజులకి ఆల్బం రావడం, మేలో ‘హిప్నటైజ్’ నంబర్ వన్ కావడం. వినడానికి మనిషి లేడు. పద్దెనిమిదేళ్ల కిందట మిగిలిపోయిన స్టూడియో టైంలో పుట్టిన బేస్ గిటార్, చనిపోయినవాడి గొంతు కింద నడుస్తోంది. రాసినవాళ్ల పేర్లలో ఆర్మర్, రాండీ పేర్లు కూడా ఉన్నాయి. అక్కడ నీ వాక్యాలు పొట్టివైపోయాయి, గమనించావా? నీకు తెలియకుండానే కాలం దింపావు. విశేషణం ఒక్కటీ లేదు.

ఆ తర్వాత ముగింపని ఒక పేరా పెట్టావు, ‘సంగీతానికి ఎల్లలు లేవు’ అంటూ. అది నా పెన్సిల్ కింద పోయింది.

కాగితాలు కొరియర్లో పంపుతున్నాను. రెండో ప్రతి తొందరగా కావాలని నాకేం లేదు, దసరా తర్వాత పంపినా సరే. ఈలోగా హెడ్‌ఫోన్స్ పెట్టుకుని పూర్తి పాట విని, చప్పట్లు ఏ దెబ్బ మీద పడుతున్నాయో నాకు రాయి. మా పాత క్యాసెట్‌లో అవి సరిగ్గా వినపడవు.

ఉంటాను,
అక్క