క్రాక్ ఆటోక్యాడ్‌తో నేర్చుకుంటే ఉద్యోగానికి ఇబ్బందా?

ప్రశ్న: మాది పరకాల. మా అబ్బాయి వరంగల్‌లో పాలిటెక్నిక్ సివిల్ మూడో సంవత్సరం. హనుమకొండలో క్యాడ్ కోర్సులో చేర్పిస్తే అక్కడ పెన్‌డ్రైవ్‌లో క్రాక్ చేసిన (అంటే లైసెన్స్ కొనకుండానే నడిచేలా మార్చిన) ఆటోక్యాడ్ అనే డ్రాయింగ్ సాఫ్ట్‌వేర్ ఇచ్చారు. దాంతోనే ఇంటి ప్లాన్లు గీసి నాలుగు పైసలు సంపాదిస్తున్నాడు. ‘అందరూ ఇదే వాడుతున్నరు నాన్నా’ అంటాడు. కేసులేమైనా అవుతాయా? రేపు ఉద్యోగానికి ఇబ్బందా? – ఒక తండ్రి

జవాబు: అందరూ వాడుతున్నారన్న మాట నిజమే. ఫీజు కట్టించుకుని పిల్లల చేతిలో దొంగ కాపీ పెట్టడం మాత్రం ఆ ఇన్‌స్టిట్యూట్ చేసిన అన్యాయం.

ముందు కేసు సంగతి. 1957 కాపీరైట్ చట్టం సెక్షన్ 63బి ప్రకారం తెలిసి తెలిసీ దొంగ కాపీ వాడితే 7 రోజుల నుంచి 3 ఏళ్ల దాకా జైలు, 50 వేల నుంచి 2 లక్షల రూపాయల దాకా జరిమానా. సంపాదన కోసం వాడకపోతే కోర్టు జైలు లేకుండా జరిమానాతో సరిపెట్టవచ్చు. మీవాడు డబ్బులు తీసుకుని గీస్తున్నాడు కాబట్టి ఆ వెసులుబాటు దొరకడం కష్టం.

నాకు అంతకంటే ఎక్కువ టెన్షన్ ఆ ల్యాప్‌టాప్ గురించే. క్రాక్‌తో వచ్చే సూచనల్లో సాధారణంగా మొదటి లైనే ‘యాంటీవైరస్ ఆఫ్ చేయండి’ అని ఉంటుంది. తర్వాత ఊరూ పేరూ తెలియని ఫైల్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా రన్ చేయమంటారు. అంటే ఆ ఫైల్ ఏం చేసినా అడ్డుకునేవాళ్లు ఉండరు. బ్రౌజర్‌లో సేవ్ చేసిన పాస్‌వర్డ్‌లు, బ్యాంకు లాగిన్ అన్నీ పోవచ్చు. డ్రాయింగ్‌ల ద్వారా పాకే వైరస్‌లూ ఉన్నాయి. 2012లో బయటపడ్డ మెడ్రే అనే వైరస్ ఆటోక్యాడ్ డ్రాయింగ్‌లను దొంగిలించి చైనాలోని ఈమెయిల్ ఖాతాలకు పంపింది. అలాంటివి ఫోల్డర్‌లో ఒక చిన్న లిస్ప్ ఫైల్‌గా (ఆటోక్యాడ్ తనంతట తానే నడిపే చిన్న ప్రోగ్రామ్) కూర్చుని, ఆ ఫోల్డర్ ఎవరికిస్తే వాళ్ల సిస్టమ్‌లోకి వెళ్తాయి. రేపు మడికొండలోనో హైదరాబాద్‌లోనో డిజైన్ కంపెనీలో చేరి, ఇంట్లోని ఫోల్డర్ ఆఫీసు సిస్టమ్‌లో పెడితే ఏమవుతుందో ఆలోచించండి. క్లయింట్ డ్రాయింగ్‌లు చేసే కంపెనీలు ఇలాంటివి తేలిగ్గా తీసుకోవు. ఉద్యోగానికి అసలు ముప్పు అక్కడుంది.

ఇంత రిస్క్ పడాల్సిన పనే లేదు. ఆటోడెస్క్ కంపెనీయే విద్యార్థులకు ఆటోక్యాడ్, బిల్డింగుల 3డి డిజైన్‌కు వాడే రెవిట్ ఉచితంగా ఇస్తుంది. ఏడాదికోసారి రెన్యువల్ చేసుకుంటూ చదువు అయ్యేదాకా వాడుకోవచ్చు. కాలేజీ ఐడీ కార్డో, బోనఫైడో అప్‌లోడ్ చేయాలి. మన పిల్లలకు చిక్కు ఇక్కడే వస్తుంది: కార్డు మీద ఇంటిపేరు పొడి అక్షరంగా ఉంటుంది, అకౌంట్‌లో పూర్తిగా రాస్తారు, పేరు కలవలేదని తిరస్కరిస్తారు. కార్డు మీద ఎలా ఉందో అలాగే అకౌంట్‌లో రాయమనండి.

అయితే ఆ ఉచిత లైసెన్స్ చదువుకోవడానికే. డబ్బులకు గీసే ప్లాన్లకు అది చెల్లదు. ఆ పనికి లిబ్రేక్యాడ్, ఫ్రీక్యాడ్ ఉన్నాయి, రెండూ ఉచితమే, సంపాదనకూ వాడుకోవచ్చు. ఆటోక్యాడ్ సొంత ఫార్మాట్ అయిన డీడబ్ల్యూజీ ఫైళ్లతో కొంత తలనొప్పి ఉంటుంది కాబట్టి, వేరే సాఫ్ట్‌వేర్‌లలోనూ తెరుచుకునే డీఎక్స్‌ఎఫ్ ఫార్మాట్‌లో ఇచ్చిపుచ్చుకోవాలి. లేదంటే ఆటోక్యాడ్ లైసెన్స్ కొన్న ఇంజినీర్ ఆఫీసులో కూర్చుని గీయడం ఇంకా మంచిది, మున్సిపల్ పర్మిషన్ ప్లాన్లు ఎలా వెళ్తాయో కూడా తెలుస్తుంది.

క్రాక్‌ను అన్‌ఇన్‌స్టాల్ చేసి ఊరుకోవద్దు. డ్రాయింగ్‌లు మాత్రమే కాపీ చేసుకుని, విండోస్ మళ్లీ కొత్తగా వేయించండి. ఈమెయిల్, బ్యాంకు పాస్‌వర్డ్‌లు ఈరోజే ఫోన్ నుంచి మార్చేయండి.