రంగస్థల నటి జీవితం రాయాలంటే: మేరీ యూర్ వ్యాసం గురించి ఒక ఉత్తరం

చిరంజీవి అమ్మాయికి, పెదనాన్న ఆశీస్సులు.

బ్రిటిష్ నటి మేరీ యూర్ మీద నువ్వు రాసిన చిత్తుప్రతి చదివాను. మొదటి పేరాలో ఆవిడ చావు, రెండో పేరాలో ఇద్దరు భర్తలు. నాటకం ఊసు మూడో పేజీకి గానీ రాలేదు. నటి గురించి రాస్తున్నావా, నాటకకర్త జాన్ ఆస్‌బోర్న్, నటుడు రాబర్ట్ షాల భార్య గురించి రాస్తున్నావా? ముందు అది తేల్చుకో.

వాక్యం మొదలుపెట్టక ముందే పాత్రల పట్టిక వేసుకో. ఆరు గళ్లు చాలు: తొలి ప్రదర్శన తేదీ, నాటకం, పాత్ర, థియేటర్, దర్శకుడు, ఆ సంగతి ఎక్కడ దొరికింది. చివరి గడి బద్ధకించి వదిలేస్తే, నెల తర్వాత రెండు తేదీలు తగువు పడ్డప్పుడు ఏది నమ్మాలో తెలీక కూర్చుంటావు. ఈ పట్టికకు మొదట పట్టుకోవాల్సింది "హూజ్ హూ ఇన్ ది థియేటర్". నటులు వేసిన వేషాలన్నీ నెలా సంవత్సరంతో అందులో ఉంటాయి. కానీ ఆ వివరాలు చాలావరకు నటులే ఇచ్చినవి, వయసు దగ్గర మరీ జాగ్రత్త. ఒక్కో తేదీనీ ప్రోగ్రామ్ పుస్తకంతోనో, ఆ వారం వచ్చిన సమీక్షతోనో సరిచూడు.

పుట్టుక దగ్గరే చాలామంది తడబడతారు. ఆవిడ 1933 ఫిబ్రవరి 18న గ్లాస్గోలో పుట్టింది. రిజిస్టర్లో "మేరీ" కోసం వెతుకుతూ కూర్చోకు, అసలు పేరు ఐలీన్ మేరీ యూర్. స్కాట్లండ్‌లో జనన మరణాల ప్రభుత్వ నమోదు 1855లో మొదలైంది. జనన పత్రాల బొమ్మలు నూరేళ్లు నిండితే గానీ ఇంటర్నెట్‌లో తెరవరు కాబట్టి 1933 నాటిదానికి నకలు తెప్పించుకోవాల్సిందే. మరణం మాత్రం అక్కడ దొరకదు. చనిపోయింది లండన్‌లో, ఇంగ్లండ్ రిజిస్టర్ వేరు. స్కాట్లండ్ మరణ పత్రంలో తల్లి పుట్టింటి పేరు కూడా రాస్తారు, ఇంగ్లండ్ పత్రంలో తల్లిదండ్రుల పేర్లు ఆశించకు.

ఇక రంగస్థలం. వ్యాసంలో సగం దీనికే ఇవ్వు. 1951లో యార్క్‌లో మధ్యయుగాల నాటి బైబిల్ కథల నాటకాలను (మిస్టరీ నాటకాలంటారు) మళ్లీ ఆడినప్పుడు కన్య మేరీగా నటించింది. ఆ తర్వాత లండన్‌లో సెంట్రల్ స్కూల్ అనే నటనా పాఠశాలలో శిక్షణ. 1954లో "టైమ్ రిమెంబర్డ్", 1955లో పీటర్ బ్రూక్ "హామ్లెట్"లో పాల్ స్కోఫీల్డ్ సరసన ఒఫీలియా. ఇవన్నీ నాలుగైదు వాక్యాల్లో ముగించి 1956 మే 8కి వచ్చేయ్. ఆ రాత్రి లండన్ రాయల్ కోర్ట్ థియేటర్లో ఆస్‌బోర్న్ నాటకం "లుక్ బ్యాక్ ఇన్ యాంగర్" తొలిసారి ఆడారు. సమీక్షలన్నీ రచయిత చుట్టూ, కోపంతో రగిలే జిమ్మీ చుట్టూ తిరుగుతాయి, యూర్ గురించి ఒకటి రెండు వాక్యాలే దొరుకుతాయి. అవి చాలవు కాబట్టి నాటకాన్నే దగ్గర పెట్టుకో. మొదటి అంకంలో జిమ్మీ భార్య ఆలిసన్, అంటే యూర్ వేసిన పాత్ర, ఇస్త్రీ చేస్తూ నిలబడి ఉంటుంది, జిమ్మీ ఏకధాటిగా తిడుతుంటాడు. ఆమెకున్న మాటలు కొద్ది. పక్కన ఒకడు అరుస్తుంటే ఇస్త్రీపెట్టెతో, మౌనంతో ప్రేక్షకుల చూపు తనవైపు నిలుపుకోవడం ఆ పాత్ర పెట్టే పరీక్ష. మూడో అంకంలో అదే ఇస్త్రీ బల్ల దగ్గర ఆలిసన్ స్నేహితురాలు హెలెనా నిలబడుతుంది. ఈ రెండు దృశ్యాలూ పక్కపక్కన పెట్టి రాస్తే నీ వ్యాసానికి వెన్నెముక దొరికినట్టే. 1959 సినిమాలోనూ ఆలిసన్ ఆవిడే, చూడు. కానీ తెర మీద దగ్గరి షాట్లలో కనిపించిన ముఖాన్ని వర్ణించి దాన్ని రంగస్థల నటనగా రాశావంటే తెలిసినవాళ్లు పట్టేస్తారు.

1956 అక్టోబరులోనే లండన్ కామెడీ థియేటర్లో "ఎ వ్యూ ఫ్రమ్ ది బ్రిడ్జ్", కేథరిన్ పాత్ర. ప్రోగ్రామ్ మీద "క్లబ్" అనే మాట చూసి కంగారు పడకు. ఇద్దరు మగవాళ్లు ముద్దు పెట్టుకునే ఘట్టం ఉందని నాటకాలను సెన్సారు చేసే అధికారి లార్డ్ చాంబర్లిన్ అనుమతి ఇవ్వలేదు, అందుకే సభ్యులకు మాత్రమే అని క్లబ్బు పేరుతో ఆడారు. ఆ సెన్సారు 1968 దాకా సాగింది. దానికి పంపిన నాటక ప్రతులు బ్రిటిష్ లైబ్రరీలో ఉన్నాయి.

1957 అక్టోబరు 1న అదే ఆలిసన్‌గా న్యూయార్క్ లైసియం థియేటర్లో దిగింది, అమెరికా రంగస్థల అవార్డు టోనీకి 1958లో నామినేషన్ వచ్చింది. తమాషా ఏమిటంటే, ఆ అవార్డు హెలెన్ హేస్ గెలుచుకుంది "టైమ్ రిమెంబర్డ్"కే. 1959 స్ట్రాట్‌ఫర్డ్ "ఒథెల్లో"కి మాత్రం మంచి పేరా ఇవ్వు. ఎనిమిదేళ్లు అమెరికా ప్రభుత్వం పాస్‌పోర్టు ఇవ్వని నల్లజాతి గాయకుడు, నటుడు పాల్ రోబ్సన్ ఒథెల్లో, యూర్ డెస్డిమోనా. ఆ సీజన్ కాగితాలు స్ట్రాట్‌ఫర్డ్‌లోని షేక్‌స్పియర్ బర్త్‌ప్లేస్ ట్రస్ట్‌లో, రాయల్ కోర్ట్ నాటక బృందానివి లండన్ వీ అండ్ ఏ (విక్టోరియా అండ్ ఆల్బర్ట్) మ్యూజియంలో ఉంటాయి. ఏం కావాలో నాటకం, సంవత్సరం చెప్పి రాయి. "ఆవిడ గురించి ఉన్నవన్నీ పంపండి" అంటే ఎవరూ వెతకలేరు.

థియేటర్ పేర్లు మారిపోతుంటాయి, నాటి పేరే రాయి. ఇప్పుడు హెరాల్డ్ పింటర్ థియేటర్ అంటున్నది అప్పటి కామెడీ. 1959లో స్ట్రాట్‌ఫర్డ్‌లోది షేక్‌స్పియర్ మెమోరియల్ థియేటర్, రాయల్ షేక్‌స్పియర్ థియేటర్ అన్న పేరు 1961లో వచ్చింది.

సినిమాలకు ఒక పేరా చాలు. "సన్స్ అండ్ లవర్స్"కి వచ్చిన ఆస్కార్ నామినేషన్, "వేర్ ఈగిల్స్ డేర్". పెళ్లిళ్లకు రెండు మూడు వాక్యాలు: 1957లో ఆస్‌బోర్న్, 1963లో షా, షాతో నలుగురు పిల్లలు.

మరణం కాలక్రమంలో దాని చోటికే రావాలి. 1975 ఏప్రిల్ 3న, "ది ఎగ్జార్సిజం" నాటకం మొదలైన రాత్రి గడిచిన కొద్ది గంటల్లో, మద్యమూ నిద్రమాత్రలూ కలిసి ప్రాణం తీశాయి. వయసు 42. నాటకం పేరు చూసి శాపం కథలు అల్లేవాళ్లున్నారు, అటు పోకు. ఆత్మహత్య అనీ రాయకు. ఆ నాటకం ఆడింది ఏ థియేటర్లోనో పట్టికలో చూడు. కేథరిన్‌గా నిలబడిన ఆ కామెడీ వేదికే. వ్యాఖ్యానం లేకుండా అది చెప్పి వదిలేయ్.

ఇంకొకటి, ఎడిన్‌బర్గ్ అని రాశావు. ఎడిన్‌బరో అని దిద్దు. పట్టిక పూర్తయ్యాక, మళ్లీ చిత్తు రాయకముందే, దాన్ని నాకు పంపు.

ఆశీస్సులతో,
పెదనాన్న