సుగ్గి డబ్బుతో షెడ్డు కట్టొద్దు

అబ్బీ,

ముగ్గురు కలిసి ఆదోనిలో శనక్కాయ నూనె మిల్లు పెడుతున్నారని మీ నాయన ఫోన్ చేసి చెప్పినాడు. ఐదేండ్లలో సొంత బ్రాండు, బెంగళూరులో డిపో, ఇంకో రెండు మిషన్లు అని కాగితం కూడా రాసుకున్నారంట. నాకు గర్వంగానే ఉంది. రాత్రి నిద్ర మాత్రం పట్టలేదు.

లైసెన్సులు, కరెంటు, పార్ట్‌నర్‌షిప్ పత్రం మీరే చూసుకోగలరు.

నా భయమంతా ఒక్క తప్పు గురించి. మిల్లుల వాళ్లు తరతరాలుగా చేసేది అదే: సరుకు కొనమని బ్యాంకు ఇచ్చిన సీసీ (క్యాష్ క్రెడిట్ అప్పు) డబ్బును షెడ్డుకో, కొత్త మిషన్‌కో మళ్లించడం. లెక్క చూడు. నూనె పిండే ఎక్స్‌పెల్లర్ రోజుకు 2 టన్నుల విత్తనం ఆడితే, నెలకు 25 రోజులకు 50 టన్నులు. వంద కిలోల కాయ కొడితే వచ్చే విత్తనం సుమారు 70 కిలోలే, అంటే 71 టన్నుల కాయ కావాల. క్వింటాలు 7 వేలు వేసుకున్నా నెలకు 50 లక్షలు. సుగ్గిలో, అంటే పంట చేతికొచ్చే కాలంలో, మూడు నెలల సరుకు పట్టాలంటే కోటిన్నర. బ్యాంకు వందకు 25 మార్జిన్ పట్టుకుంటే అందులో 37 లక్షల పైన మీ జేబులోంచే పెట్టాల. అరువుకు తెచ్చి ఇంకా డబ్బు కట్టని సరుకును బ్యాంకు లెక్కలోకే తీసుకోదు. ఆ సీసీ డబ్బు సిమెంటులో పడిందనుకో, నవంబరులో మార్కెట్ యార్డు నిండా కాయ ఉన్నా మీ చేతిలో పైసా ఉండదు. నెలనెలా ఇచ్చే స్టాక్ స్టేట్‌మెంటులో సరుకు తక్కువ, బాకీ ఎక్కువ. అది అట్లే 90 రోజులు దాటితే ఖాతా మొండి బాకీల్లో చేరుతుంది. షెడ్డుకు కంతుల్లో తీర్చే టర్మ్ లోను వేరే తీసుకోండి, లేదంటే అద్దె షెడ్డులో ఉండండి. అద్దె కడితే పరువు పోతుందని ఎవరు చెప్పినారు?

ఐదేండ్ల కాగితం చింపమనడం లేదు. ప్రతి ఆశ పక్కనా ఒక షరతు రాయండి. మొదటి మిషన్ వరసగా రెండు సుగ్గులు నెలకు 22 రోజులు తిరిగితేనే రెండోది. అంగళ్ల బాకీ 15 రోజుల్లో వసూలవుతుంటేనే బెంగళూరు. సోమవారం పొద్దున అరగంట కూర్చున్నప్పుడు మూడే అంకెలు: కాయ ఎన్ని రోజులకు ఉంది, రావాల్సిందెంత, సీసీలో వాడిందెంత. ఆ అరగంటలో బ్రాండు పేరు ఎత్తొద్దు. దానికి మూడు నెలలకొకసారి ఒక పూట పెట్టుకోండి. కొనుగోలు ఒకరిది, మిల్లు ఒకరిది, డబ్బు ఒకరిది. 5 లక్షలు దాటితే రెండు సంతకాలు. స్నేహం చెడేది నష్టంతో కాదు నాయనా, చెప్పకుండా చేసిన ఖర్చుతో.

ధర తగ్గిందని పచ్చికాయ మాత్రం పట్టొద్దు. చెవి దగ్గర ఊపితే గలగలమనాల, విత్తనం నలిపితే పొట్టు ఊడాల. తేమ 8 శాతం దాటితే గోదాములో బూజు పడుతుంది, నూనె తీసినాక మిగిలే చెక్క కూడా ఎవరూ కొనరు. తేమ మీటరు ఇంకా కొనలేదని మీ నాయన అన్నాడు. బోర్డు మాత్రం అప్పుడే రాయించినారంట! మీటరు నేనే పంపిస్తున్నా, డబ్బులివ్వొద్దు.

వేళకు తిను.

నీ పెదనాయన